నాయుడుగారికి పోసిన పద్నాలుగు గిన్నెలు

మద్యనిషేధం అమల్లో ఉన్న మా చిత్తూరులో, పట్టపగలు, ఒక్క చుక్క సారాయి లేకుండా, ఒక పెద్దమనిషిని ఒళ్లు తెలియకుండా పడగొట్టిన ఆడది ఎవరైనా ఉందా అని మీరు అడిగితే, నేను తలొంచుకుని చెయ్యెత్తాలి. కొట్టి పడగొట్టలేదు. తిట్టి పడగొట్టలేదు. ఎంతో మర్యాదగా, నవ్వుతూ, "ఇంకొంచెం, ఇంకొంచెం" అంటూ పడగొట్టాను. అలా పడిపోయిన మనిషి చేతిలోనే మా ఇంటాయన ఉద్యోగం ఉంది. రెండేళ్లయింది కాబట్టి ఇప్పుడు నవ్వుకుంటూ రాస్తున్నాను. ఆ రోజు మాత్రం బావిలో దూకుదామా అనిపించింది. తొంగిచూస్తే మా పెరటి బావిలో నీళ్లు మోకాలి లోతే ఉన్నాయి. అదీ నా అదృష్టం.

ముందు మనుషులెవరో చెప్తాను, లేకపోతే నా మాటల వేగానికి మీరు దారి తప్పుతారు. నేను అయిదో క్లాసు దాకా చదివాను. ఆరో క్లాసు ఉన్న బడి మా ఊరికి దూరం. నోరు దగ్గరే ఉంది కాబట్టి దాన్నే పెంచుకున్నాను. మా ఇంటాయన నాకు మేనత్త కొడుకు. పేరు నా నోటితో చెప్పకూడదు, బావ అంటే మీకు తెలుస్తుంది. ఈ లెక్కన మా అత్తకు నన్ను తిట్టడానికి రెండు హక్కులున్నాయి, అత్తగా ఒకటి, మేనత్తగా ఒకటి. పొద్దున ఒకటి వాడితే సాయంత్రం ఇంకొకటి వాడేది. దేన్నీ తుప్పు పట్టనివ్వలేదు.

పెళ్లయిన నాలుగో నెలలో బావ మిలిటరీలో లారీ డ్రైవరుగా చేరిపోయాడు. యుద్ధం ముగిసింది, ఇక వచ్చేస్తాడు అనుకుంటుంటే, ఓడిపోయిన జపానులో కాపలా ఉండే పటాలంతో ఆయన్నీ ఓడ ఎక్కించారు. తీరా ఆయన ఇంటికి వచ్చేసరికి నేను రెండంగుళాలు పెరిగి ఉన్నాను, ఆయన మాటలు రెండు మూరలు తగ్గి ఉన్నాయి. పది ప్రశ్నలు అడిగితే ఒక జవాబు వచ్చేది. అది కూడా తల ఊపడమే. గోడతో కాపురం చేస్తున్నానా అని దిగులేసేది. ఒక్క సంగతి ఎత్తితే మాత్రం గోడకు కిటికీ తెరుచుకునేది. అది ఒక ముసలామె తిండి కొట్టు.

ఆ ఊరి పేరు నాకు నోరు తిరగదు. కాలిపోయిన ఊరంట. రైలు స్టేషను పక్కన రేకులూ చెక్కలూ కలిపి ఒక ముసలామె కొట్టు పెట్టుకుంది. వాకిట్లో సగానికి వేలాడే గుడ్డ, లోపల నాలుగు పీటలు. మిలిటరీవాళ్లు అలాంటి చోట్లకు పోకూడదని ఆర్డరంట. పోయాడు. ఆమెకు ఒక కొడుకుండేవాడు, యుద్ధానికి పోయి తిరిగి రాలేదు. అయినా మిలిటరీ బట్టల్లో ఉన్న బావనూ ఆయన ముగ్గురు స్నేహితులనూ చూసి తలుపు వేసుకోలేదు. అరచేయంత పళ్లేల్లో ఉడికించిన ముల్లంగి ఇంత, పుల్లకు గుచ్చి కాల్చిన చేప ఇంత, నానిన చిక్కుడు గింజలు ఇంత తెచ్చి నడిమధ్య పెట్టేదంట. నలుగురు స్నేహితులూ అందులోనుంచే తినేవాళ్లు. బియ్యంతో చేసిన ఒక సారాయిని వేడినీళ్లలో నిలబెట్టి, వెచ్చగా, చిన్న గిన్నెల్లో పోసేది. బియ్యం కడిగిన నీళ్లలాగా తెల్లగా ఉండేదంట. ఎవరి గిన్నె వాళ్లు నింపుకోకూడదు. పక్కవాడి గిన్నె ఖాళీగా కనిపిస్తే మనం నింపాలి. అదీ ఆ దేశపు మర్యాద.

"మాకు ఇల్లు గుర్తొస్తే ఆడికే పోతాంటిమి," అని చెప్పాడు బావ ఒకరోజు. "మాకు ఆమె బాస రాదు, ఆమెకు మాది రాదు. గిన్నె ఖాళీ అయితే సూసుకునేది, అంతే. ఇంగ చాలనుకుంటే..."

ఇక్కడ ఆగండి. ఈ మాట పూర్తిగా విని ఉంటే మీకు ఈ కథే ఉండేది కాదు. కానీ నాకప్పుడు కళ్లలో నీళ్లు తిరిగాయి, పొయ్యి మీద పాలు పొంగాయి, రెండూ ఒకేసారి. నేను లేచి పరుగెత్తాను. తిరిగి వచ్చి వేరే సంగతి అందుకున్నాను. బావ నోటికి వచ్చిన మిగతా సగం మాటను ఆయనే మింగేశాడు.

ఇక ఉద్యోగం సంగతి. యుద్ధంనుంచి తిరిగొచ్చిన డ్రైవర్లు మా జిల్లాలో వీధికి ఇద్దరున్నారు, ఉద్యోగాలు మాత్రం ఊరికి ఒకటి కూడా లేవు. ఆ సమయంలో పలమనేరు దారిలో బొగ్గు బస్సులు తిప్పే నాయుడుగారి దగ్గర ఒక డ్రైవరు చోటు ఖాళీ అయింది. పెట్రోలు దొరక్క, బస్సు వెనకాల ఇంత పొడుగు కొలిమి కట్టి బొగ్గుల గ్యాసుతో నడిపేవాళ్లు కదా, ఆ బస్సులు. నాయుడుగారు కాగితాలు చూసి పని ఇచ్చే రకం కాదు. పక్కన కూర్చుని, ఆ దారిలో కొండ మలుపులుండే మొగిలి ఘాటు ఎక్కించి చూడాల్సిందే. బావను ఒక రోజు చూస్తానన్నాడు, వేలూరు నుంచి వచ్చే ఇంకొక డ్రైవరును ఆ మరుసటి రోజు. ఇద్దరిలో ఒకరు.

మాటల్లో జపాను సంగతి వచ్చింది. ఆ దేశంవాళ్లు ఏం తింటారు, ఎట్లా తింటారు అని నాయుడుగారు తెగ అడిగి, చివరికి, "అయితే అట్ల మీ ఇంట్లో ఒక పూట పెట్టించప్పా. తిని ఆణ్ణించే ఘాటుకు పోదాం," అన్నాడంట. బావ ఇంటికొచ్చి, ఆయన ఏదో మాటవరసకు అన్నాడు, సంగటీ కోడికూరా చేస్తే చాలు అని చెప్పాడు. మాటవరసకు కూడా మనుషులు మాట్లాడతారని నాకు అప్పటికి తెలియదు. నేను మాట్లాడేదంతా నిజంగానే మాట్లాడతాను. ఆ ముసలామె మా ఆయనకు పరాయి దేశంలో అన్నం పెట్టింది. ఆ కొట్టును మా ఇంట్లో దించి చూపిస్తే బావ మొహం ఎంత వెలుగుతుందో అని నాకు ఆశ. నాయుడుగారి ముచ్చట కూడా తీరుతుంది, ఉద్యోగం కూడా వస్తుంది. ఒకే వంటకు మూడు లాభాలు. నా లెక్కలు ఎప్పుడూ వంట మొదలుపెట్టకముందే బాగుంటాయి.

మొదటి అడ్డం మా అత్త. నలుగురూ ఒకే పళ్లెంలోంచి తింటారని చెప్పగానే ఆమె చేతిలో చాట కింద పెట్టేసింది.

"నలుగురూ ఒకే దాంట్లో చెయ్యి పెట్టేదా? మనం మనుషులమా, తొట్టికాడ గొడ్లమా?"

"ఎంగిలి కాకుండా చేస్తా అత్తా, నువ్వుండు."

నాకు నిజంగానే ఉపాయం తట్టింది. కొత్త కొబ్బరి ఈనెలు తెచ్చి, చీలికలు తీసి, వేడినీళ్లలో ఉడికించి, కోడిముక్కలూ వంకాయముక్కలూ కందముక్కలూ వాటికి గుచ్చి కాల్చాను. ఎవరి పుల్ల వాళ్లు తీసుకుంటే ఎవరి చెయ్యీ ఎవరికీ తగలదు. ఎదురుగా ఎవరి ఇస్తరాకు వాళ్లకు ఉంటుంది. అలసంద వడలకు కూడా పుల్ల గుచ్చాను. అత్త అదంతా చూసి, చీపురు వడ్డించే కోడల్ని ఈ జిల్లా మొత్తంలో తనే తెచ్చుకున్నానని పక్కింటివాళ్లకు వినిపించేలా గోడతో చెప్పింది.

తరువాత చిన్న గిన్నెలు కావాలి. మా ఇంట్లో ఉన్నవన్నీ లోటాలు. ఆలోచించి ఆలోచించి, వీధిలో పసిపిల్లలున్న మూడిళ్లకు పోయి ఉగ్గుగిన్నెలు అడిగి తెచ్చాను. బావ వాటిని చూసి నెమ్మదిగా, ఇవి ఉగ్గుగిన్నెలు కదా అన్నాడు. పెద్దవాళ్లు తాగితే పెద్దవాళ్ల గిన్నెలే అని చెప్పి ఆయన నోరు మూయించాను.

ఆఖరి చిక్కు ఆ తెల్లటి సారాయి. నిషేధం లేకపోయినా మా ఇంటి గడపలో అది అడుగు పెట్టదు. అత్త ఉండగా పోలీసులు ఎందుకు? దానికి బదులుగా గంజి అనుకున్నాను, మరీ దరిద్రంగా ఉంటుంది. మజ్జిగ అనుకున్నాను, వెచ్చచేస్తే విరుగుతుంది. అప్పుడు మెరుపులాగా తట్టింది. గసగసాల పాయసం.

తెలియనివాళ్లకు చెప్తాను. గసగసాలు దోరగా వేయించి, నానబెట్టిన బియ్యమూ కొబ్బరీ కలిపి వెన్నలాగా రుబ్బి, తీపి వేసి కాస్తాము. పండగనాడు భోజనం చివర ఒక చిన్న లోటా పోస్తారు. తాగినవాళ్లు తాంబూలం నమలడం పూర్తి కాకుండానే అరుగుమీద వాలిపోతారు. అంత కమ్మని నిద్ర. ఇది నాకు తెలియదా అంటే తెలుసు. కానీ గిన్నె ఇంతే కదా, పసిపిల్ల తాగేది, దానికేం నిద్ర వస్తుంది అనుకున్నాను. బెల్లం వేస్తే రంగు మారుతుందని, రేషనులో వచ్చిన చక్కెర దాచుకున్నదంతా పోశాను. ఇంకా తెల్లగా రావాలని, మామూలుగా గుప్పెడు వేసే చోట సోలెడు గసగసాలు వేశాను. మీలో పాయసం తెలిసినవాళ్లు ఇక్కడ నెత్తిమీద చెయ్యి పెట్టుకుంటారని తెలుసు. పెట్టుకోండి, నేను ఆగుతాను.

నాయుడుగారు పన్నెండు గంటలకు బస్సులోనే దిగాడు. తలుపుకు పట్టేంత మనిషి, ముతక కోటు, మీసం. గొంతు మాత్రం పావురానిది. కూర్చుని ఎదురుగా పీటమీద ఉన్న పళ్లేలను చూశాడు, ఇస్తరాకును చూశాడు, పుల్లను చేతిలోకి తీసుకుని అటూ ఇటూ తిప్పాడు.

"ఇది తినేదా అమ్మా, పండ్లు తోముకునేదా?"

తినేదే అని చెప్పాను. తిన్నాడు. కళ్లు మూసుకుని ఇంకొకటి తిన్నాడు. తొమ్మిది పుల్లలు అయ్యేసరికి పీట పక్కన కట్టెలమోపు లాగా తయారైంది. తలుపు చాటునుంచి అత్త మొహం కొంచెం తేటపడింది. నేను వేడినీళ్ల గిన్నెలో నిలబెట్టిన కొమ్ముచెంబు తీసి, ఆ జపాను ముసలామె ఎట్లా పోసేదో అట్లా, రెండు చేతులతో, ఇద్దరికీ ఉగ్గుగిన్నెలు నింపాను.

నాయుడుగారు మర్యాదగా ఒక్క గుక్కలో తాగేసి గిన్నె కింద పెట్టాడు. ఖాళీ గిన్నె. నేను వెంటనే నింపాను. ఆయన నావైపు చూసి తాగాడు. నేను నింపాను. ఆయన ఒక పుల్ల తిని, తాగాడు. నేను నింపాను. ఇదిగో, రెండు దేశాల మర్యాదలు ఇక్కడ కొమ్ములు విసురుకున్నాయి. ఖాళీ గిన్నె కనిపిస్తే నింపాలన్నది వాళ్ల మర్యాద. ఇంటి ఆడది పోసిందాన్ని మిగల్చకూడదన్నది మన మర్యాద. మధ్యలో ఇరుక్కున్నది నాయుడుగారి పొట్ట.

అయిదో గిన్నెకు ఆయన "చాలమ్మా" అన్నాడు. మరి మా వైపు చుట్టం చాలు అంటే ఇంకా మొహమాటపడుతున్నాడని కదా అర్థం. మొదటిసారి చాలు అంటే వడ్డించకుండా ఆగే ఇల్లాలు ఎక్కడైనా ఉంటుందా, మీరే చెప్పండి. పోశాను. పదకొండో గిన్నెకు మళ్లీ అన్నాడు. పోశాను.

ఈలోగా బావ గిన్నె నిండుగా అట్లాగే ఉంది. ఒక్కసారి పెదవులకు తగిలించి పక్కన పెట్టేశాడు. ఆయన కోసమని ఇంత చేస్తే తాగడేం అని నాకు లోపల మంట. అప్పుడే ఆయన తలెత్తి కళ్లు పెద్దవి చేసి నావైపు చూడటం మొదలుపెట్టాడు. కాసేపు చూసి ఇంకా పెద్దవి చేశాడు. కాపురానికి వచ్చినప్పటినుంచి ఆయన నన్ను అంతసేపు చూసింది లేదు. నాకు సిగ్గు ముంచుకొచ్చింది. ఆ సిగ్గులో నాయుడుగారికి ఇంకో మూడు గిన్నెలు పోశాను.

కొమ్ముచెంబు మళ్లీ నింపుకుందామని వంటింట్లోకి పోతే, అత్త పాయసం గిన్నె అడుగు వేలితో గీకి రుచి చూస్తోంది. మొహం మారిపోయింది.

"దీంట్లో గసగసాలు ఎన్ని ఏసినావే?"

"సోలెడు."

అత్త రోటి మీద కూలబడింది. "మీ నాయన పెండ్లిలో ఊరందరికీ కాసిన పాయసానికి కూడా అన్ని పట్టలేదే. ఆయన పద్నాలుగు గిన్నెలు తాగినాడు, నేను వాకిట్లో నిలబడి లెక్కబెడతానే ఉండా."

నేను పరుగున బయటికి వచ్చాను. అప్పటికే నాయుడుగారు చెయ్యి కడుక్కుని, భోజనం బ్రహ్మాండమని చెప్పి, బస్సువైపు నడుస్తున్నాడు. కొంచెం పడవలో నిలబడినట్టు నడుస్తున్నాడు. బావ కొలిమిలో బొగ్గులు వేసి గాలి చక్రం తిప్పుతున్నాడు.

మా అత్త గురించి ఇంతవరకు మీకు తిట్లే చెప్పాను. ఇక్కడనుంచి ఆమెకు నేను బాకీ ఉన్న దండాలు మొదలు. కొంగు బిగించి, ఒక చెంబునిండా కాఫీ డికాషను పోసుకుని, నా రెక్క పట్టుకుని బస్సు దగ్గరికి నడిపించింది. పలమనేరులో తన చెల్లెలుంది, చూసి చాలా దినాలైంది, ఎట్లాగూ ఖాళీ బస్సే కదా అంది. నాయుడుగారు ఎక్కమని చెయ్యి ఊపాడు. ఆ చెయ్యి కిందికి దిగడానికి చాలాసేపు పట్టింది.

బస్సు కదిలింది. నాయుడుగారు డ్రైవరు పక్కన నిటారుగా కూర్చుని, గొంతు సవరించుకుని, "డ్రైవర్లో నేను మూడు సూస్తానప్పా," అన్నాడు. "మొదటిది..."

అంతే. ఆ మూడూ ఏమిటో ఈనాటివరకూ మాకు తెలియదు. తల ముందుకు వాలింది, నోరు తెరుచుకుంది, గురక మొదలైంది. బొగ్గు బస్సు చేసే చప్పుడు మీరు వినే ఉంటారు. ఆ చప్పుడును దాటి వినిపించింది.

ఊరు దాటాక అత్త వెనకనుంచి వంగి డికాషను చెంబు ఆయన ముక్కు కింద పెట్టింది. లాభం లేదు. బంగారుపాళ్యంలో బస్సు ఆపించి మొహాన నీళ్లు చిలకరించింది. ఆయన నిద్రలోనే చల్లగా నవ్వి, "చాలమ్మా," అన్నాడు.

ఘాటు మొదట్లో బావ బస్సు ఆపేశాడు. ఇంజను ఆగిపోతే ఆ గురక ఒకటే. ఎదురుగా కొండ. చూడాల్సిన మనిషి చూడటం లేదు. వెనక్కి తిప్పితే ఈ రోజు అయిపోతుంది, రేపు వేలూరాయన వస్తాడు. నాకు ఏడుపు ఆగలేదు. నా నోరే, నా చేతులే, నా గసగసాలే. ఆయన ఒక్క మాట తిట్టి ఉంటే బాగుండేది. ఆయన వెనక్కి తిరిగి, "నాకోసం గదా చేసినావు. ఏడవద్దు," అన్నాడు. అన్నేళ్లుగా గోడ, గోడ అని నేను ఎవరిని అనుకున్నానో ఆ మనిషి.

అత్తే తేల్చేసింది. "తోలరా. ఆయన సూడకపోతే పోయె. మేం సూస్తాం. పైన గాలికి ఆయనే లేస్తాడు."

అందుకని ఆ ఘాటు ఎక్కడం చూసింది మేమిద్దరమే. నేను బావ బండి తోలగా చూడటం అదే మొదటిసారి. ఇంట్లో ఉప్పు ఎక్కడుందో తెలియక తడుముకునే మనిషి, ఆ చక్రం ముందు వేరే మనిషి. నాలుగో మలుపులో మామిడికాయల బండ్లు వరసగా ఎదురొచ్చాయి. ఎద్దులు బెదిరాయి. ఒక పక్క రాయి, ఒక పక్క లోయ. అప్పటికి నాయుడుగారి తల జారి బావ ఎడమ భుజం మీద పడి ఉంది. బావ ఆ భుజం కదపకుండా, తల మాత్రం బయటికి పెట్టి, బస్సును అంగుళం అంగుళం వెనక్కి తీసి బండ్లకు దారి ఇచ్చాడు. బండ్లవాళ్లు దండం పెట్టి పోయారు. నాయుడుగారి గురక ఒక్కసారి కూడా తెగలేదు. అత్త నా చెయ్యి గట్టిగా పట్టుకుని ఉంది. నా గాజు ఒకటి చిట్లింది, ఇద్దరం పట్టించుకోలేదు.

పలమనేరు చల్లగాలి తగిలి నాయుడుగారు కళ్లు తెరిచాడు. చుట్టూ చూసి, ఘాటు ఇంకా రాలేదా అని అడిగాడు. దాటి గంటయిందని బావ చెప్పాడు. నాయుడుగారు వచ్చిన దారివైపు తిరిగి చూశాడు. తల విదిలించాడు. చేతిని మొహం ముందు పెట్టుకుని వేళ్లు చూసుకున్నాడు. తరువాత మెల్లగా నావైపు తిరిగాడు.

"నాకేం పోసినారమ్మా? నేను జన్మలో సారాయి ముట్టింది లేదు. పోలీసులకు తెలిస్తే మీ గతేంది, నా గతేంది?"

నా జీవితంలో మొదటిసారి నాకు మాట రాలేదు. అత్త నా వీపుమీద ఒకటి వేసింది. మాట వచ్చింది. వచ్చాక ఇక ఆగలేదు. ముసలామె కొట్టు, కాలిపోయిన ఊరు, ఉగ్గుగిన్నెలు, చక్కెర, సోలెడు గసగసాలు, అన్నీ కక్కేశాను. సారాయి చుక్క కూడా లేదని, మూడిళ్ల పసిపిల్లల గిన్నెల మీద ఒట్టు అని చెప్పాను. ఖాళీ గిన్నె నింపాలి కదా, అందుకే నింపానని చెప్పాను.

అప్పుడు బావ నోరు తెరిచాడు. "ఆడ చాలనుకున్నోడు గిన్నె నిండుగా వదిలేస్తాడయ్యా. అది చెప్పే లోపల ఈమె పాలు దించను పోయింది."

నేను బావ గిన్నెను తలుచుకున్నాను. నిండుగా, కదలకుండా ఉన్న గిన్నె. ఆ పెద్ద పెద్ద కళ్లు. నేను సిగ్గుపడ్డ సిగ్గు. నాకు నేలలోకి దిగిపోవాలనిపించింది, కానీ బస్సు చెక్క అడ్డం.

నాయుడుగారు మీసం దువ్వుకున్నాడు. "నాలుగో గిన్నెకే కడుపులో సోటు లేదమ్మా. వదిలేస్తే సిన్నపిల్ల మనసు కష్టపడతాదని తాగితిని."

పది గిన్నెలు. కడుపు నిండిన తరువాత, ముక్కూ మొహం తెలియని ఒక పిల్ల చిన్నబోకూడదని, ఆ మనిషి పది గిన్నెలు తాగాడు. మా ఇంటి పేరు తప్ప మా గురించి ఏమీ తెలియదు ఆయనకు. కోపం తెచ్చుకోవడానికి ఆయనకు అన్ని కారణాలూ ఉన్నాయి, ఒక్కటీ వాడుకోలేదు. నేను ఏడ్చాను. అత్త కూడా కళ్లు తుడుచుకుంది. బొగ్గు పొగ అంది. కొలిమి అప్పటికి ఆరిపోయి ఉంది.

"సరే," అన్నాడు నాయుడుగారు. "ఎక్కేదాని కన్నా దిగేదే కష్టం. దిగేటప్పుడు సూస్తా."

అంటూనే ఆవులించాడు. ఆవులింత సగంలో కళ్లు మూతపడ్డాయి. డికాషను మొత్తం తాగించాం. అయినా రెప్పలు వాలిపోతూనే ఉన్నాయి. అత్త కాసేపు ఆలోచించి, నన్ను ముందుకు తోసింది.

"దీన్ని మీ ఎనకాల కూచోబెట్టుకోండి నాయనా. దీని నోటి ముందర సచ్చినోడు కూడా లేచి కూచుంటాడు."

అలా పలమనేరు నుంచి చిత్తూరు దాకా నేను మాట్లాడాను. మా వీధి రేషను కొట్టులో తూకం, మా మేక మూడు సార్లు తప్పిపోయి నాలుగోసారి తనే తిరిగి రావడం, పక్కింటామె కమ్మలు, చిన్నప్పుడు నేను బల్లిని మింగాననుకుని ఏడవడం. నాయుడుగారు ఒక్కొక్క మలుపునూ కళ్లింతలు చేసుకుని చూశాడు. ఒకచోట చక్రం అంచుకు వచ్చి చిన్న రాళ్లు లోయలోకి దొర్లాయి. ఆ రాళ్లను చూస్తూ ఒక్క క్షణం ఆగాను. వెంటనే ఆయన తల వాలింది. చేసేదేం లేక పిల్లి పిల్లల్ని పెట్టిన కథ అందుకున్నాను. మధ్యలో రెండుసార్లు ఆయన బావ వైపు తిరిగి ఏదో అడగబోయాడు. నేను సందు ఇవ్వలేదు. సందిస్తే నిద్రపోతాడని భయం.

దీపాలు పెట్టేలోపలే చిత్తూరు చేరాం. నాయుడుగారు దిగి, కోటు దులుపుకుని, బస్సు చుట్టూ ఒకసారి తిరిగి వచ్చాడు. మేం ముగ్గురం వరసగా నిలబడ్డాం. నేను ఊపిరి బిగబట్టాను. దానివల్ల ఆ పూట మొదటిసారి అక్కడ నిశ్శబ్దంగా ఉంది.

"రేపు పొద్దున్నే షెడ్డుకు వచ్చేయప్పా. వేలూరాయనకు రావద్దని చెప్పి పంపిస్తా."

బావ రెండు చేతులూ జోడించాడు. అత్త వెంకటేశ్వరుడికి ఏదేదో మొక్కేసింది. నేను ముందుకు పోయి నాయుడుగారి కాళ్లకు దండం పెట్టాను. ఆయన నా తలమీద చెయ్యి పెట్టి, పావురం గొంతుతో దీవించాడు.

"సల్లగా ఉండమ్మా. నీ మొగుడు నా బస్సు తోలినన్ని దినాలూ నువ్వు ఎప్పుడైనా ఎక్కు. రెండు టికెట్లు మాత్రం తీసుకో. ఒకటి నీకు, ఒకటి నీ నోటికి."

నవ్వుతూనే అన్నాడు. కానీ ఆయన మాటవరసకు మాట్లాడే మనిషి కాదని బావ చెప్తున్నాడు. కాబట్టి ఇన్నిరోజులుగా నేను పలమనేరు పోవాలంటే నోరు కట్టుకుని ఒక టికెట్టుతో పోతున్నాను. నా జీవితంలో ఇంతకన్నా కష్టమైన ప్రయాణం లేదు.

చివరిగా, ఇది చదివే మీ అందరి సాక్షిగా, పొయ్యిలోని నిప్పు సాక్షిగా, చెవులు రెండూ పట్టుకుని ఒట్టు వేస్తున్నాను. ఇకమీద గసగసాలను సోలతో కొలవను. మా ఆయన కళ్లు పెద్దవి చేస్తే అది ప్రేమ అనుకోను, ముందు పొయ్యి వైపు చూసుకుంటాను. మా ఇంటికి వచ్చిన చుట్టం చాలు అంటే చాలు అనే అనుకుంటాను, కనీసం మూడోసారి అన్నప్పుడైనా.